విరిగిన మణికట్టు, డబ్లిన్ డాక్టరు

కాలు జారినప్పుడు మనిషి ముందుగా చేసే పని ఏమిటో చెప్పు, అమ్మడూ? కేక వెయ్యడం కాదు, చెయ్యి చాపడం. ఆలోచించి చాపేది కాదు. మొహం నేలకి కొట్టుకోకుండా ఒళ్లు తనంతట తాను చేసుకునే కాపుదల అది. ఇంకా నడక రాని రోజుల్లోనే పసిపిల్లలకి అది అబ్బుతుంది. అరచెయ్యి నేలకి ఆనుతుంది, వెనకనుంచి ఒంటి బరువంతా దాని మీదకి వచ్చి పడుతుంది. ఆ దెబ్బకి మణికట్టుకి కాస్త పైన ఎముక విరుగుతుంది. స్నానాలగది తడిగచ్చు మీద జారిన మామ్మగార్లకి ఎక్కువగా అయ్యేది ఇదే. బండి మీంచి పడ్డ కుర్రాళ్లకీ అవుతుంది. ఎముకల డాక్టరు ఫిల్ము దీపానికి ఎత్తిపట్టి చూసి, ‘కాలిస్ ఫ్రాక్చర్’ అని చీటీ మీద రాస్తాడు. ఆ కాలిస్ ఎవరో చెప్తా, ఇలా వచ్చి కూర్చోండి. చిన్నోడా, ఆ ఫోను పక్కన పెట్టు నాన్నా, నీ చేతితోనే పనుంది.

ముందు నీ ముంజేయి పట్టుకో. అందులో రెండు ఎముకలున్నాయి. బొటనవేలి వైపుది రత్ని, చిటికెనవేలి వైపుది అరత్ని. ఇంగ్లీషు మీడియం కనక నీకు రేడియస్, అల్నా అంటే తెలుస్తుంది. మోచేతి దగ్గర రత్ని చిన్నది, మణికట్టు దగ్గరకి వచ్చేసరికి వెడల్పయిపోతుంది. అరచేతి మీద పడ్డ బరువులో ఎక్కువ భాగం మోసేది ఈ వెడల్పాటి కొసే. అలాంటప్పుడు అది గట్టిగా ఉండాలి కదా అనుకుంటావు. కానీ ఎముక నడుమ భాగం మందమైన గోడలున్న గొట్టం, కొస అలా కాదు. ఎండిన బీరకాయ చూశావుగా, పైన పల్చటి తొక్క, లోపలంతా అల్లిక పీచు. రత్ని కొస అచ్చం అలాగే ఉంటుంది. మందపు గోడ అయిపోయి పల్చటి తొక్క మొదలయ్యే చోటే విరుగుతుంది. వయసు పెరిగేకొద్దీ, ముఖ్యంగా ఆడవాళ్లకి నెలసరి ఆగిపోయాక, లోపలి అల్లిక పల్చబడిపోతుంది. అందుకే నిలబడ్డ ఎత్తు నుంచి పడినా చాలు, మామ్మగారి ఎముక ఆగదు.

‘ఎక్స్‌రే తీస్తే తెలిసిపోతుందిగా తాతయ్యా, ఇందులో ఆయన కనిపెట్టిందేముంది?’ అంటావు. అడగాల్సిందే అడిగావు. రాంట్‌జెన్ ఎక్స్ కిరణాలు కనిపెట్టింది 1895లో. మన డాక్టరుగారు ఈ విరుపు గురించి రాసింది 1814లో. ఎనభై ఒక్క ఏళ్ల ముందన్నమాట. ఆయన దగ్గర ఉన్నవి రెండు చేతులూ, శవాలు కోసి నేర్చుకున్న శరీరజ్ఞానమూ. అంతే.

అబ్రహాం కాలిస్ 1773లో ఐర్లండులో కిల్‌కెన్నీ దగ్గర పుట్టాడు. ఆ ఊరికి నల్ల చలువరాయి పేరు. ఆ రాయి తీసే గని వీళ్ల కుటుంబానిదే. ఆయన జీవితం రాసినవాళ్లంతా ఒక కథ చెప్తారు. వరదొచ్చి ఆ ఊరి డాక్టరుగారి ఇంట్లోకి నీళ్లు జొరబడి సామాను కొట్టుకుపోయిందట. అందులో ఒక శరీరశాస్త్రం పుస్తకం పొలంలో ఈ పిల్లాడికి దొరికింది. తీసుకెళ్లి ఇస్తే, డాక్టరుగారు కుర్రాడి మొహంలో ఆసక్తి చూసి, ‘నువ్వే ఉంచుకో’ అన్నాడట. కథ ఎలా ఉన్నా ఆ తర్వాతదంతా రికార్డుల్లో ఉంది. 1790లో డబ్లిన్ ట్రినిటీ కాలేజీలో చేరాడు. అప్పట్లో సర్జన్ కావాలంటే ఒక పెద్ద సర్జన్ దగ్గర శిష్యరికం చెయ్యాలి. ఫిలిప్ వుడ్రాఫ్ అనే ఆయన దగ్గర చేరాడు. 1795లో ఐర్లండు రాయల్ సర్జన్ల కాలేజీ నుంచి పట్టా వచ్చింది. అది చాలదనుకుని ఎడిన్‌బరో వెళ్లి 1797లో ఎం.డి. తెచ్చుకున్నాడు. అక్కడి నుంచి లండనుకి నడిచే వెళ్లాడని చెప్తారు. లండన్లో ఆస్లీ కూపర్ అని ఆ కాలపు మహా సర్జన్, గజ్జల్లో వచ్చే హెర్నియా మీద పనిచేస్తున్నాడు. ఆయన పుస్తకం కోసం శవాలు కోసి చూపించడంలో కాలిస్ సాయపడ్డాడు.

ఇక్కడొక మాట చెప్పాలి. సర్జన్ అంటే ఇవాళ ఉన్న గౌరవం ఆ రోజుల్లో లేదు. అంతకు ముందు డబ్లిన్లో సర్జన్లూ మంగలివాళ్లూ ఒకే సంఘంలో ఉండేవాళ్లు. సర్జన్ల కాలేజీ వేరుగా ఏర్పడింది 1784లో. అంటే కాలిస్ చదువుకొచ్చేసరికి దానికి పదేళ్లయినా నిండలేదు. అలాంటి కొత్త సంస్థకి 1802లో అధ్యక్షుడయ్యాడు, ఇరవై ఎనిమిదేళ్ల వయసులో. 1830లో మళ్లీ అయ్యాడు. 1799 నుంచీ డాక్టర్ స్టీవెన్స్ ఆస్పత్రిలో సర్జన్. 1804లో కాలేజీలో ప్రొఫెసరై, 1836 దాకా శరీరశాస్త్రం, శస్త్రచికిత్స చెప్పాడు. ముప్ఫై రెండేళ్లు! ఒకే బల్ల దగ్గర నిలబడి ఒక దేశపు సర్జన్ల తరాన్నే తయారుచేశాడు. పేరు విరుపుకి వచ్చింది గానీ, నా లెక్కలో ఆయన ముందు మాస్టారు, తర్వాతే డాక్టరు.

ఆ పాఠం చెప్పిన తీరు చూడు. అప్పటిదాకా శరీరశాస్త్రం అంటే ఎముకలన్నీ ఒకచోట, కండరాలన్నీ ఒకచోట, రక్తనాళాలన్నీ ఇంకోచోట చదవడం. నీ జువాలజీ పుస్తకంలో ఇప్పటికీ అలాగే ఉంటుంది, తప్పేం లేదు. కానీ కత్తి పట్టుకున్నవాడికి ఎముకలన్నీ ఒక్కసారి ఎదురుకావు. గజ్జల్లో కోస్తే ముందు చర్మం, కింద కొవ్వు, ఆపైన పొర, దాని కింద నాళం, ఇవన్నీ ఒకే చోట వరసగా ఎదురవుతాయి. ఏది ముందు, ఏది వెనక, దేనికి దెబ్బ తగిలితే ప్రాణం పోతుంది, ఇదీ సర్జన్‌కి కావలసిన చదువు. అందుకని కాలిస్ ఒంటిని ప్రాంతాలుగా విడదీసి చెప్పాడు. 1811లో ‘సర్జికల్ అనాటమీ’ మీద పుస్తకం వేశాడు. తొడల నడుమ, విసర్జన ద్వారాల చుట్టూ ఉండే చోట చర్మం కింద ఒక పొర ఉంటుంది. అది ఎక్కడ అతుక్కుందో ఇందులో స్పష్టంగా చూపించాడు. దాన్ని ఇవాళ్టికీ కాలిస్ పొర అనే అంటారు. ఏం ఉపయోగం అంటావా? దెబ్బ తగిలి మూత్రనాళం తెగితే మూత్రం లోపలికి కారుతుంది. అలా కారింది తొడల్లోకి దిగదు, పొత్తికడుపు చర్మం కిందకి ఎగబాకుతుంది. కారణం, ఆ పొర తొడల దగ్గర అతుక్కుని దారి మూసేస్తుంది, పొట్టవైపు వదిలేస్తుంది. వాపు ఎటు పాకిందో చూసి లోపల ఏది తెగిందో చెప్పొచ్చు. కోసిన శవం మీద నేర్చుకున్నది బతికున్న మనిషి మీద పనికొచ్చేది ఇలాగే.

శవాలు అన్నాను గదా, అవి ఎక్కడినుంచి వచ్చేవో కూడా తెలియాలి. చట్టప్రకారం దొరికేవి చాలా తక్కువ. ఉరితీసిన నేరస్తుల శరీరాలు కాలేజీలకి ఏ మూలకి? రాత్రిపూట కొత్త గోతులు తవ్వి దొంగిలించి అమ్మేవాళ్లు పుట్టుకొచ్చారు. డబ్లిన్లో కిల్మెయిన్‌హామ్ దగ్గర బుల్లీస్ ఏకర్ అని పేదల శ్మశానం, దొంగలకి పేరుమోసిన చోటు. డబ్లిన్ శవాలు ఓడలెక్కి బ్రిటన్ కాలేజీలకి కూడా పోయేవి. 1832లో అనాటమీ చట్టం వచ్చాక గాని ఇది అణగలేదు. పేదవాళ్ల దుఃఖం మీద ఆ చదువు నడిచిందన్న సంగతి మనం మర్చిపోకూడదు. ఈ మాట ఎందుకు చెప్పానో చివర్లో నీకే తెలుస్తుంది.

ఇప్పుడు మన మణికట్టుకి వద్దాం. ఆ రోజుల్లో ఎవరైనా చెయ్యి చాపి పడి, మణికట్టు వంకరైపోయి వస్తే, సర్జన్లు ఏమనేవాళ్లు? బెణికింది అనేవాళ్లు, లేదా కీలు తప్పింది అనేవాళ్లు. చూస్తే అలాగే ఉంటుంది మరి. అరచెయ్యి మొత్తం వెనక్కి జరిగినట్టు, మణికట్టు వెనకాల ఎత్తుగా, దానికి కాస్త పైన గుంటగా కనిపిస్తుంది. పక్కనుంచి చూస్తే బల్ల మీద బోర్లించిన ముళ్లచెంచాలాగా ఉంటుందని తర్వాతి కాలం డాక్టర్లు దానికి ఆ పేరే పెట్టారు. పైగా క్షణాల్లో వాపు కమ్మేస్తుంది. ఎముక విరిగితే రెండు ముక్కలూ రాసుకుని కరకరమని తగలాలి కదా, ఇందులో ముట్టుకోగానే అదీ తెలియదు. అందుకే అందరూ కీలు తప్పిందనే అనుకుని, కీలు సరిచేద్దామని లాగి, వదిలేసేవాళ్లు. వదలగానే మళ్లీ మొదటికే వచ్చేది.

కాలిస్‌కి అక్కడే పట్టు దొరికింది. ఆలోచించు చిన్నోడా. కీలు నిజంగా తప్పి ఉంటే, లాగి సర్దగానే అది తన గుంటలో కూర్చుంటుంది, మళ్లీ తేలిగ్గా జారదు. ఇది మాత్రం తేలిగ్గా సర్దుకుంటుంది, వదలగానే అంతే తేలిగ్గా పాత వంకరకి పోతుంది. అంటే కీలు కదలలేదు, కీలుకి పైన ఎముకే తెగింది. దీన్ని రుజువు చేసుకోవడానికి ఆయన చెప్పిన పద్ధతి వినండి. ఒక చేత్తో రోగి చేతిని పట్టుకుని మెల్లగా లాగుతూ వంకర పోయేలా ఉంచాలి. రెండో చేతి వేళ్లు రత్ని కొస మీద ఆనించాలి. అలా లాగి పట్టుకునే రోగి చేతిని ముందుకీ వెనక్కీ కొద్దిగా ఆడించాలి. ఎముక ముక్క తెగి ఉంటే అది చేతితోపాటు కదులుతున్నట్టు వేళ్ల కింద తెలిసిపోతుంది. పై ముక్క కదలదు. ఇంతే. వాపు ఎంతున్నా ఆ కదలిక దాగదు. మీరిద్దరూ ఒకరి చేయి ఒకరు పట్టుకుని చూడండి. మంచి చేతిలో రత్ని కొస, పై ఎముకతో కలిసి ఒకే కమ్మీలా నిలుస్తుంది, మణికట్టు మాత్రమే ఆడుతుంది. తేడా వేళ్లకి అర్థమవుతుంది. కానీ ఒక్కమాట, నిజంగా దెబ్బ తగిలిన చేతిమీద మాత్రం ఇది చెయ్యకండి. కదల్చకుండా అట్టముక్కో, బద్దో ఆనించి కట్టి, గాజులూ ఉంగరాలూ వాపు రాకముందే తీసేసి, ఆస్పత్రికి తీసుకెళ్లడమే మన పని.

ఇదంతా ఆయన ఐదు పేజీల వ్యాసంగా రాసి ఎడిన్‌బరో వైద్య పత్రికకి పంపాడు. 1814లో అచ్చయింది. వైద్యచరిత్రలో ఇంత చిన్న వ్యాసానికి ఇంత పెద్ద ఆయుష్షు దక్కడం అరుదు. అందులో నాకు బాగా నచ్చిన వాక్యం ఏమిటంటే, ఈ విరుపుని శవం కోసి కళ్లారా చూసే అవకాశం తనకి దొరకలేదని ఆయన ఒప్పుకున్న వాక్యం. ఈ దెబ్బతో మనిషి చావడు కదా, శవం ఎలా దొరుకుతుంది? అంతటి శరీరశాస్త్ర పండితుడు, సర్జన్ల కాలేజీకి అధ్యక్షుడుగా చేసినవాడు, ‘లోపల చూడలేదు, పైనుంచి తడిమి చెప్తున్నాను’ అని అచ్చులో రాశాడు. విరుపు మణికట్టుకి ఒకటిన్నర అంగుళం పైన ఉంటుందని అంచనా కట్టాడు. ఆ అంచనా సంగతి తర్వాత చెప్తా.

ఇంకో విషయం కూడా రాశాడు. సరిగ్గా సర్దకపోయినా కొన్నాళ్లకి నొప్పి పోతుంది, చెయ్యి మళ్లీ అన్ని పనులూ చేస్తుంది, వంకర మాత్రం జన్మంతా ఉండిపోతుంది అని. ఊళ్లలో వంకర మణికట్టుతో రోటి పచ్చడి నూరిన ముసలమ్మలని నేను చిన్నప్పుడు చూశాను. ఈ మాట చదివినప్పుడు వాళ్లే గుర్తొచ్చారు. ఆ వంకరైనా లేకుండా ముందూ వెనకా బద్దలు పెట్టి ఎలా కట్టాలో కూడా ఆయన చెప్పాడు. జిప్సం పిండితో వేసే కట్టు 1850ల్లో గాని రాలేదు కదా, అప్పటికి బద్దలే గతి. మన వైపు పుత్తూరు కట్టు పేరు తెలియనివాళ్లెవరు? అక్కడా తడిమే చూస్తారు, బద్దలే కడతారు. ఆ చేతులంటే నాకు గౌరవమే. కానీ ఇవాళ ఎక్స్‌రే వీధి చివరే ఉంది. తీయించుకుని, లోపల కీలు దాకా పగిలిందా లేదా చూశాకే ఎవరిచేతనైనా కట్టించుకోవాలి. కట్టు కట్టాక వేళ్లు నల్లబడినా, తిమ్మిరెక్కినా, చల్లబడినా తెల్లారేదాకా ఆగకూడదు. కట్టు లోపల వాపు పెరిగి నరాన్నీ రక్తాన్నీ నొక్కేస్తోందని అర్థం.

కాలిస్ కంటే ముందే ఫ్రాన్సులో లియాన్ సర్జన్ క్లాడ్ పుటో ఈ విరుపుని గుర్తించాడు. ఆయన పోయాక, 1783లో ఆయన రచనలు అచ్చయ్యాయి. అందుకే ఫ్రెంచివాళ్లు పుటో-కాలిస్ విరుపు అంటారు. న్యాయమే. ఆ తర్వాత పారిస్‌లో డ్యుపూట్రెన్ కూడా, మణికట్టు కీలు తప్పడం అనేది దాదాపు లేదు, మీరు చూసేవన్నీ విరుపులే అని గట్టిగా వాదించాడు. కాలిస్ వ్యాసం చాలా ఏళ్లు ఎవరి కంటా పెద్దగా పడలేదు.

ఆయన చేసినవన్నీ గెలిచాయని అనుకోకండి. 1811లో ఒక రోగికి జత్రుక ఎముక కింద పెద్ద ధమని ఉబ్బిపోయింది. అది ఎప్పుడు పగిలితే అప్పుడు ప్రాణం పోతుంది. గుండెకి దగ్గరగా, అంతకు ముందు ఎవరూ కట్టని చోట ఆ ధమనిని దారంతో కట్టాడు. మత్తుమందు లేదు. ఈథర్ వచ్చింది 1846లో, ఆయన పోయాక. రోగి మెలకువగానే ఉన్నాడు. ప్రాణం నిలవలేదు. ఆ వివరాలన్నీ 1815లో దాచకుండా అచ్చువేశాడు. క్లాసులో కూడా అంతే, తన చేతిలో పోయిన రోగుల సంగతి, తన పొరపాటు ఎక్కడ జరిగిందో విప్పి చెప్పేవాడని శిష్యులు చెప్పుకున్నారు. అమ్మడూ, రేపు నువ్వు డాక్టరీ చదివితే ఇలాంటి మాస్టారు దొరకాలని నా కోరిక.

ఆయన పేరుతో ఒక సూత్రం కూడా ఉండేది. నువ్వు పెద్దదానివయ్యావు కాబట్టి చెప్తున్నాను. సిఫిలిస్ అనే సుఖవ్యాధితో పుట్టిన బిడ్డకి పాలిస్తే పాలదాదికి రొమ్ము మీద పుండు పడుతుంది, కన్నతల్లికి మాత్రం పడదు. ఇది 1837లో రాశాడు. చూసింది నూటికి నూరుపాళ్లూ నిజం. బిడ్డని కన్నందువల్ల తల్లికి ఏదో రక్ష ఏర్పడిందని తర్వాత డాక్టర్లు చాలాకాలం అనుకున్నారు. ఆ రోగాన్ని కలిగించే క్రిమి 1905లో దొరికింది, మరుసటి ఏడు వాసర్‌మన్ రక్తపరీక్ష వచ్చింది. అప్పుడు బయటపడింది, ఆ తల్లి ఒంట్లో రోగం ముందునుంచే పైకి కనపడకుండా దాక్కుని ఉందని. రోగం ఆమెకి తగలకపోవడం కాదు, తగిలి ఉండటమే కారణం. చూసినది చెదరలేదు, దానికి చెప్పిన అర్థం మారింది.

1839లో ప్రభుత్వం బారొనెట్ బిరుదు ఇస్తానంటే వద్దన్నాడు. అప్పటికే ఒళ్లు సహకరించడం లేదు, ఆయాసం. 1843లో పోయాడు. డబ్లిన్ మౌంట్ జెరోమ్ శ్మశానంలో సమాధి ఉంది. పోకముందే రాబర్ట్ విలియం స్మిత్ అనే తన కంటే చాలా చిన్నవాడైన సర్జన్‌కి ఉత్తరం రాసి పెట్టాడు. నేను పోయాక నా శరీరం జాగ్రత్తగా కోసి చూడు, నా జబ్బు ఏమిటో తేల్చు, ఎవరికైనా పనికొస్తుంది అని ఆ ఉత్తరం సారాంశం. గోతులు తవ్వి దొంగిలించిన శవాలతో చదువు నడిచిన ఊళ్లో, ఆ చదువు చెప్పినవాడు తన శరీరం తానే చేతికిచ్చాడు. స్మిత్ ఆ పని చేశాడు. గుండె, ఊపిరితిత్తులు ఎలా పాడయ్యాయో చూసి రాసి పెట్టారు.

ఈ స్మిత్ డబ్లిన్ పాథలాజికల్ సొసైటీకి కార్యదర్శి, రోగాల నమూనాలు సేకరించడంలో దిట్ట. కాలిస్‌కి దొరకని అవకాశం ఆయనకి దొరికింది. మణికట్టు విరిగి మానిన ఎముకలు సంపాదించి, కోసి, కొలిచి చూశాడు. 1847లో విరుపుల మీద పెద్ద పుస్తకం వేశాడు. ఒకటిన్నర అంగుళం కాదు, విరుపు కీలుకి పావు అంగుళం నుంచి అంగుళం లోపే ఉంటుందని అందులో సరిదిద్దాడు. దిద్దుతూనే, ఆ విరుపుకి కాలిస్ పేరు నిలబెట్టింది కూడా ఆయనే. అదే పుస్తకంలో దీనికి తలకిందులైన విరుపు ఒకటి వర్ణించాడు. చెయ్యి వెనక్కి కాకుండా అరచేతి వైపుకి జరిగిపోయే రకం. దానికి లోకం స్మిత్ విరుపు అని పేరు పెట్టింది. మెడికల్ కాలేజీలో ఎముకల పాఠం వచ్చినప్పుడు ఈ రెండు పేర్లూ నీకు ఒకే రోజు, ఒకే బోర్డు మీద, పక్కపక్కనే కనిపిస్తాయి అమ్మడూ.